మాట్లాడని పండిట్

(హార్మోనియం మాస్టారి స్మారకోపన్యాసం: ముద్రణ కోసం కొద్దిగా సవరించిన పాఠం)



మాస్టారి పేరు నా వెనక బ్యానర్ మీద పెద్ద అక్షరాల్లో ఉంది. నేను మాత్రం అలవాటుకొద్దీ మాస్టారనే అంటాను. ఈ వేదిక మీద ఇంతకుముందు మాట్లాడిన పెద్దలు పద్యనాటకం గురించీ, సురభి గురించీ, ఏ పద్యానికి ఏ రాగం ఎందుకు కుదిరిందో దాని గురించీ చెప్పారు. ఆ విషయాల్లో వాళ్లకున్న అధికారం నాకు లేదు. అందుకని మెట్ల మీద వేళ్లు నడిపించి బతికినవాడే అయినా మన వైపు వాడు కాని ఒక మనిషిని ఇవాళ ఎంచుకున్నాను. ఆయన పేరు కోర్లా పండిట్. పేరు వినగానే మనవాడే అనుకుంటారు. అమెరికా వాళ్లు కూడా యాభై ఏళ్లు అలాగే అనుకున్నారు.

1949 ఫిబ్రవరి. లాస్ ఏంజెలెస్‌లో కె.టి.ఎల్.ఎ. అనే స్టేషన్. టీవీ సెట్టు ఉన్న ఇళ్లలో ఓ పావుగంట కార్యక్రమం మొదలైంది. తెర మీద ముందు ఒక ముఖం కనిపిస్తుంది. నున్నటి ముఖం, పెద్ద కళ్లు, తలకు తెల్లటి పాగా, దాని మధ్యలో మెరిసే రాయి. ఆ మనిషి సూటిగా కెమెరాలోకి చూస్తాడు. రెప్ప వేయడేమో అనిపిస్తుంది. చేతులు హామండ్ ఆర్గన్ మీద ఉంటాయి. ఒక్కోసారి ఒక చెయ్యి ఆర్గన్ మీద, రెండోది పక్కనే ఉన్న పియానో మీద. కనిపించని వ్యాఖ్యాత ఎవరో తూర్పు దేశాల రహస్యాల గురించి నాలుగు మాటలు చెబుతాడు. వాయించే ఆయన నోరు విప్పడు. నమస్తే అని కూడా అనడు. అలా సుమారు 900 కార్యక్రమాలు చేశానని ఆయన లెక్క. ఆ పావుగంట పేరు ‘అడ్వెంచర్స్ ఇన్ మ్యూజిక్’.

స్టేషన్ వాళ్లూ, రికార్డు కంపెనీల వాళ్లూ చెప్పిన జీవితచరిత్ర ఇది: న్యూఢిల్లీలో పుట్టాడు. తండ్రి బ్రాహ్మణుడు, తల్లి ఫ్రెంచి ఒపేరా గాయని. పసితనంలోనే విన్నది విన్నట్టు పియానో మీద పలికించేవాడు. ఇంగ్లండులో సంగీతం నేర్చుకున్నాడు. పన్నెండో ఏట అమెరికా వచ్చాడు. షికాగో విశ్వవిద్యాలయంలో చదువుకున్నాడు.

మన వాళ్లెవరైనా ఆ రోజుల్లో ఈ వివరాలు చూసి ఉంటే మొదటి వాక్యం దగ్గరే ఆగిపోయేవారు. ఆయన పుట్టింది 1921లో. అప్పటికి లట్యెన్స్ నగరం ఇంకా కడుతున్నారు. దానికి న్యూఢిల్లీ అని అధికారికంగా పేరు పెట్టిందే 1926-27 ప్రాంతంలో. ఇక ఆ తలపాగా సంగతి. మన పండితులూ తలపాగా చుట్టినవాళ్లే, నిజమే. కానీ పండితుడి పాగాకి కలికితురాయి ఉండదు. అది రాజుది. మన కంపెనీ నాటకాల్లో ఈ తేడా దుస్తుల పెట్టె మోసే కుర్రాడికి కూడా తెలుసు. హాలీవుడ్‌కి తెలియలేదు. తెలుసుకోవాల్సిన అవసరమూ రాలేదు.

అసలు మనిషి పేరు జాన్ రోలాండ్ రెడ్. పుట్టింది మిస్సోరీ రాష్ట్రంలోని సెయింట్ లూయిస్‌లో, 1921 సెప్టెంబరు 16న. తండ్రి బాప్టిస్టు చర్చిలో పాస్టరు. ఏడుగురు పిల్లల కుటుంబం. నల్లజాతి వాళ్లు. రోలాండ్ పెరిగింది అదే రాష్ట్రంలోని కొలంబియా అనే ఊళ్లో. చర్చిలో పాటలు వింటూ, వాయిస్తూ పెరిగాడు. ఆ ఊళ్లో పెద్ద విశ్వవిద్యాలయం ఉంది. కానీ అందులో నల్లవాళ్లకు సీటు లేదు. లాయిడ్ గెయిన్స్ అనే విద్యార్థి సుప్రీంకోర్టు దాకా వెళ్లి 1938లో గెలిచాడు. అయినా ఆ తలుపు నిజంగా తెరుచుకోవడానికి 1950 దాకా పట్టింది. కొలంబియా వీధుల్లో నల్లవాళ్లు మరిచిపోలేని సంగతి ఇంకోటి ఉంది. 1923లో జేమ్స్ స్కాట్ అనే నల్లజాతి ఉద్యోగిని, విచారణ కూడా జరక్కముందే, మూక జైలు పగలగొట్టి తీసుకెళ్లి వంతెన మీద ఉరితీసింది. ఆయన పనిచేసింది ఆ విశ్వవిద్యాలయంలోనే. రెడ్ కుటుంబం ఆ ఊరికి వచ్చేనాటికి ఈ ఘటన జరిగి పదేళ్లు కూడా కాలేదు.

ఇది చెప్పకుండా తలపాగా కథ చెబితే అది వట్టి మోసగాడి కథలా తేలిపోతుంది. అమెరికన్ పత్రికల్లో కొన్ని అలాగే రాశాయి కూడా.

ముప్పైల చివర్లో రోలాండ్ అక్కల వెనకే లాస్ ఏంజెలెస్ చేరాడు. అక్క ఫ్రాన్సెస్ రెడ్ 1939లో ‘మిడ్‌నైట్ షాడో’ అనే సినిమాలో నటించింది. నల్లజాతి ప్రేక్షకుల కోసం, నల్లజాతి నటులతో తీసిన చిన్న సినిమా. విచిత్రం ఏమిటంటే అందులో ‘ప్రిన్స్ అలీహబాద్’ అని ఒక పాత్ర ఉంది. తలపాగా కట్టుకుని మనసులో మాట చెప్పే తూర్పుదేశపు మాంత్రికుడు. ఆ వేషం వేసింది కూడా నల్లజాతి నటుడే. తమ్ముడు ఆ సినిమా చూసి నేర్చుకున్నాడని నేను అనను, నా దగ్గర ఆధారం లేదు. ఆ ఇంటి గుమ్మం దాకా తలపాగా వచ్చిందని మాత్రం అనొచ్చు.

పని దొరకాలంటే సంగీతకారుల యూనియన్ కార్డు కావాలి. లాస్ ఏంజెలెస్‌లో యూనియన్లు రెండు. తెల్లవాళ్లకు లోకల్ 47, నల్లవాళ్లకు లోకల్ 767. రేడియో స్టూడియోల్లో నెలజీతం ఉద్యోగాలు, సినిమా కంపెనీల పనులు మొదటి దాని చేతిలో ఉండేవి. రెండో దానివాళ్లకు సెంట్రల్ అవెన్యూ క్లబ్బులు మిగిలేవి. ఈ రెండూ కలిసింది 1953లో. అప్పటిదాకా ఆగే ఓపిక రోలాండ్‌కి లేదు. ఆయన హువాన్ రొలాండో అయ్యాడు. మెక్సికన్ అన్నమాట. లేత ఛాయ, నల్లటి కళ్లు, పేరు చివర ఒక ‘ఓ’. అంతే, రేడియో తలుపు తెరుచుకుంది. ఒక మనిషికి పని ఇవ్వడానికి ఆ దేశం అడిగిన వెల ఎంత చిన్నదో, ఎంత పెద్దదో చూడండి.

1944లో బెరిల్ జూన్ డెబీసన్ అనే ఆమెను పెళ్లాడాడు. ఆమె డిస్నీ స్టూడియోలో పనిచేసిన చిత్రకారిణి. తెల్లజాతి మనిషి. కాలిఫోర్నియా చట్టం ఆ పెళ్లిని ఒప్పుకోదు. అందుకని సరిహద్దు దాటి మెక్సికోలోని టిహువానాలో చేసుకున్నారు. ఆ రాష్ట్రపు సుప్రీంకోర్టు ఆ చట్టాన్ని కొట్టేసింది 1948లో. అంటే నాలుగేళ్లపాటు వాళ్ల కాపురం సొంత రాష్ట్రంలో నిషిద్ధ కాపురం. కోర్లా పండిట్ అనే మనిషిని తయారుచేసింది ఆ భార్యాభర్తలిద్దరూ కలిసి. దుస్తులు, మేకప్, కళ్ల కింద నీడ, తల్లిదండ్రుల కథ, అన్నీ. చిత్రకారిణి చెయ్యి పడింది కనుకనే ఆ వేషానికి ఆ పొందిక వచ్చిందని నా నమ్మకం. మన రంగస్థలం మీద స్థానం నరసింహారావుగారు చీర కట్టు దగ్గరా, నడక దగ్గరా ఎంత జాగ్రత్తపడేవారో పెద్దలు చెబుతారు. ఈ దంపతులదీ అంత శ్రద్ధే. స్థానం వారికి తెర పడ్డాక పంచె కట్టుకునే వీలుంది. వీళ్లకు లేదు.

1948లో ‘చందు ది మెజీషియన్’ అనే రేడియో సీరియల్‌ను మళ్లీ మొదలుపెట్టారు. భారతదేశంలో యోగుల దగ్గర విద్యలు నేర్చిన అమెరికన్ కథ అది. అందులో వెనక వినిపించే ఆర్గన్ ఈయనదే. అమెరికన్ చేసే ఇండియన్ విద్యలకు, ఇండియన్‌గా మారిన అమెరికన్ సంగీతం! ఇంతకన్నా పొందికైన ఉద్యోగం ఆయనకు దొరికి ఉండదు.

ఇక క్లాస్ లాండ్స్‌బర్గ్ దగ్గరికి వద్దాం. జర్మనీలో పుట్టిన ఇంజనీరు. 1936 బెర్లిన్ ఒలింపిక్స్‌ను టెలివిజన్‌లో చూపించిన బృందంలో పనిచేసి, తర్వాత అమెరికా చేరాడు. కె.టి.ఎల్.ఎ. ఆయన చేతుల మీదుగా 1947 జనవరిలో వాణిజ్య ప్రసారాలు మొదలుపెట్టింది. మిసిసిపీ నదికి పడమర అదే మొదటి వాణిజ్య టీవీ స్టేషన్. ఈయనకు ఒక పిచ్చి ఉండేది: జరుగుతున్నది జరుగుతుండగానే చూపించాలి. 1949 ఏప్రిల్‌లో ఒక పసిపాప పాడుబడ్డ బావి గొట్టంలో పడిపోతే, కాపాడే ప్రయత్నాన్ని ఏకధాటిగా 27 గంటలకు పైగా చూపించాడు. పాప బతకలేదు. కానీ టీవీ అంటే ఏమిటో ఆ రాత్రి లాస్ ఏంజెలెస్‌కి తెలిసింది. 1952లో నెవాడా ఎడారిలో అణుబాంబు పరీక్షను కూడా ప్రత్యక్షంగా చూపించాడు.

లాండ్స్‌బర్గ్ కంటికి కోర్లా పడింది ఒక రెస్టారెంటులో, బొచ్చు కోట్ల ఫ్యాషన్ షోకి వాయిస్తుండగా. పిలిచి బేరం పెట్టాడు: నీకు రోజూ పావుగంట ఇస్తాను, బదులుగా మా బొమ్మల షోకి కూడా నువ్వే వాయించాలి. ఆ బొమ్మల షో ‘టైమ్ ఫర్ బీనీ’. ఐన్‌స్టీన్ దాని అభిమాని అనీ, ఓసారి దాని వేళయిందని మీటింగు మధ్యలో లేచి వెళ్లాడనీ ఒక కథ ప్రచారంలో ఉంది. నిజమో కాదో గాని వినడానికి బాగుంటుంది. కొంటె పాముకీ, టోపీ కుర్రాడికీ గెంతులూ జారుళ్లూ పలికించిన వేళ్లే, అదే స్టేషన్‌లో, తూర్పు దేశపు ధ్యానాన్నీ పలికించాయి. నాటకాల హార్మోనిస్టులకి ఇది కొత్త కాదు. హరిశ్చంద్రుడి కాటి పద్యానికీ, నక్షత్రకుడి చేష్టలకూ వాయించేది ఒకరే కదా.

మాట్లాడకూడదన్న నిర్ణయం లాండ్స్‌బర్గ్‌దే అంటారు. దాని వెనక ఎంత లెక్క ఉందో ఆలోచించండి. నోరు విప్పితే యాస బయటపడుతుంది. ఢిల్లీ యాస తెచ్చిపెట్టుకోవచ్చు, కానీ ప్రత్యక్ష ప్రసారంలో రోజూ, ఏళ్ల తరబడి, ఒక్కసారి కూడా జారకుండా? మిస్సోరీ పాస్టరుగారి అబ్బాయి ఎక్కడో ఒక అచ్చు దగ్గర దొరికిపోతాడు. మౌనం దొరకదు. పైగా మౌనానికి గౌరవం ఎక్కువ. ఆడవాళ్లు పెట్టెల కొద్దీ ఉత్తరాలు రాసేవారట.

ప్రత్యక్ష ప్రసారం అనే మాటను మనం ఇవాళ తేలిగ్గా వాడేస్తున్నాం. అప్పట్లో దాని అర్థం వేరు. వీడియో టేపు లేదు. ఆంపెక్స్ కంపెనీ దాన్ని బయటపెట్టింది 1956లో. అప్పటిదాకా ఒక కార్యక్రమాన్ని దాచాలంటే టీవీ తెర ముందు సినిమా కెమెరా పెట్టి, బొమ్మను బొమ్మగా ఫిల్మ్ తీయాలి. దాన్ని కినెస్కోప్ అనేవారు. స్థానిక కార్యక్రమాలకు అంత ఖర్చు ఎవరు పెడతారు? వేలు తప్పితే తప్పినట్టే జనం చూస్తారు. మరుక్షణం అది లేదు. 1951 సెప్టెంబరు దాకా న్యూయార్క్‌నూ లాస్ ఏంజెలెస్‌నూ కలిపే ప్రసార మార్గం కూడా లేదు. కనుక లాస్ ఏంజెలెస్ టెలివిజన్ ఒక దీవి. అక్కడ మహాప్రసిద్ధుడైన కళాకారుడి పేరు షికాగోలో ఎవరికీ తెలియకపోవచ్చు. కోర్లా పండిట్ మిగతా ప్రపంచానికి అంతగా తెలియకుండా పోవడానికి మొదటి కారణం ఇదే. ఒక రకంగా ఆయన రహస్యానికి కాపలా కూడా ఇదే. దేశమంతా రోజూ చూసి ఉంటే కొలంబియాలో ఎవరో ఒకరు “వీడు మన రోలాండ్ కదూ” అని అరిచి ఉండేవారు.

ఇంకోటి. బొమ్మ నలుపు తెలుపుల్లో వచ్చేది. అమెరికాలో రంగుల టీవీకి ప్రమాణాలు ఖరారైంది 1953 డిసెంబరులో. నలుపు తెలుపుల తెర మీద ప్రతి ఒంటి ఛాయా బూడిద రంగే. రంగుని బట్టి మనిషిని తూచే దేశం ఇంటింటా పెట్టుకున్న పెట్టె మొదట రంగు చూపలేనిది. తలపాగా జుట్టును దాచింది. స్టూడియో దీపాల వేడిలో, ఆ బరువు తల మీద పెట్టుకుని, కెమెరా నుంచి చూపు తిప్పకుండా, చేతుల వంక చూడకుండా రెండు వాద్యాలు వాయించడం ఎంత కష్టమో ఈ సభలో ఉన్న హార్మోనిస్టులకు నేను చెప్పక్కర్లేదు.

ఆ వాయింపు గురించే కొంచెం ఎక్కువ చెప్పాలి. ఆయన మీద వచ్చిన రాతలన్నీ వేషం చుట్టూ తిరిగి, వేళ్ల దగ్గరికి రాకముందే అయిపోతాయి.

హామండ్ ఆర్గన్‌ను లారెన్స్ హామండ్ అనే ఆయన 1935లో మార్కెట్టులోకి తెచ్చాడు. చర్చి ఆర్గన్‌లా గొట్టాలు ఉండవు. లోపల పళ్లున్న చిన్న చిన్న లోహపు చక్రాలు అయస్కాంతాల పక్కన తిరుగుతూ ఉంటాయి. ఒక్కో చక్రం ఒక్కో శ్రుతి. పైన రెండు వరసల మెట్లు, వరసకు 61. కింద కాళ్లతో తొక్కే పెడళ్లు. మెట్ల పైన లాగుడు పట్టీలు ఉంటాయి. ఏ పట్టీ ఎంత బయటికి లాగితే నాదంలో ఆ పాలు అంత పెరుగుతుంది. చర్చిలకు చౌకగా ఆర్గన్ అందించాలని చేసిన యంత్రం. మెట్టు నొక్కగానే ‘టక్’మని ఒక చిన్న చప్పుడు వచ్చేది. కంపెనీ వాళ్లు దాన్ని లోపం అనుకున్నారు. కోర్లా లాంటివాళ్లు దాన్నే తాళంగా వాడుకున్నారు. ఎడమ చెయ్యి కింది వరసలో పొట్టి పొట్టి దెబ్బలతో డప్పులా నడుస్తుంటే, కుడి చెయ్యి పై వరసలో సాగదీసిన స్వరం మీద వేలాడుతుంది. కాలు మంద్రాన్ని తొక్కుతుంది. కళ్లు మూసుకుని వింటే ముగ్గురు వాయిస్తున్నట్టుంటుంది. ఆ దెబ్బ ఎక్కడిదో నాకు అనుమానం లేదు. అది మిస్సోరీ బాప్టిస్టు చర్చిది. పాగా ఢిల్లీదని చెప్పుకున్నా ఎడమ చెయ్యి ఊరు దాచలేదు.

పాటల సంగతి వేరు. ఆయన వాయించిన ‘ఇండియన్’ పాటల్లో మన సంగీతం దాదాపు లేదు. ‘సాంగ్ ఆఫ్ ఇండియా’ రిమ్‌స్కీ-కొర్సకోవ్ అనే రష్యన్ స్వరకర్త ఒపేరా ‘సాద్కో’లోది. 1898లో మాస్కోలో మొదటిసారి ఆడిన ఆ ఒపేరాలో ఒక భారతీయ వర్తకుడు పాడతాడు. ‘మిసిర్లూ’ తూర్పు మధ్యధరా తీరాల జానపద బాణీ. ‘కశ్మీరీ సాంగ్’ ఒక ఇంగ్లీషు స్వరకర్త, అమీ వుడ్‌ఫోర్డ్-ఫిండెన్ కట్టిన బాణీ. దాని సాహిత్యం లారెన్స్ హోప్ అనే మారుపేరుతో రాసిన ఎడెలా నికల్సన్ అనే మహిళది. సైనికాధికారి భార్య. ఆమె 1904లో, భర్త పోయిన రెండు నెలలకే, మద్రాసులో ప్రాణం తీసుకుంది. అక్కడి సెయింట్ మేరీస్ శ్మశానంలో ఇద్దరి సమాధులూ ఉన్నాయి. ఆమెకూ మగపేరే వేషం. లాస్ ఏంజెలెస్ టీవీలో కోర్లా వాయించిన ఆ పాటకు మన దక్షిణాదితో ఉన్న నిజమైన బంధం ఆ సమాధి ఒక్కటే.

ఇక్కడ మాస్టారి తరం గుర్తుకు రాక తప్పదు. 1940 మార్చిలో ఆల్ ఇండియా రేడియో హార్మోనియంను బహిష్కరించింది. కారణం మీకు తెలిసిందే: మెట్టు మీద స్వరం కదలదు, గమకం పలకదు, శ్రుతులు మనవి కావు. మూడు దశాబ్దాల తర్వాత, 1971లో, షరతులతో నిషేధం సడలించారు. పల్లెల్లో రాత్రంతా లెగ్ హార్మోనియం తొక్కి వేల మందిని కూర్చోబెట్టినవాళ్లకు ఆ ముప్పై ఏళ్లూ రేడియో స్టేషన్ గుమ్మం మూసే ఉంది. సరిగ్గా ఆ నడుమే, 1949లో, గమకం పలకని మరో మెట్ల వాద్యం లాస్ ఏంజెలెస్‌లో తలపాగా కట్టుకుని భారతీయ సంగీతం పేరుతో మోగింది. మన రేడియో ‘ఇది భారతీయం కాదు’ అన్న గుణమే అక్కడ ‘ఇదే భారతదేశం’గా అమ్ముడుపోయింది. ఇది తలుచుకుంటే నాకు కోపం రాదు, నవ్వొస్తుంది. రెండు చోట్లా విన్నవాళ్ల కన్నా నిర్ణయించినవాళ్లే ఎక్కువ శాస్త్రం మాట్లాడారు.

సొంత పేరుతో వచ్చినవాళ్లకు ఏం జరిగిందో కూడా చూడాలి. కొందరు ఉత్సాహం కొద్దీ కోర్లాయే సొంత టీవీ కార్యక్రమం నడిపిన మొదటి నల్లజాతి కళాకారుడంటారు. అది సరికాదు. న్యూయార్క్‌లో బాబ్ హోవర్డ్ అనే పియానిస్టు 1948లోనే సి.బి.ఎస్.లో పావుగంట కార్యక్రమం చేశాడు. హేజల్ స్కాట్ 1950 వేసవిలో డ్యూమాంట్ నెట్‌వర్క్‌లో మొదలుపెట్టింది. ఆమె కూడా రెండు పియానోలు ఒకేసారి వాయించగల దిట్ట. కమ్యూనిస్టుల జాబితాలో పేరు కనిపించిందని సెప్టెంబరులో అమెరికా కాంగ్రెస్ కమిటీ ముందుకు తనంతట తానే వెళ్లి నిలదీసి వచ్చింది. వారం తిరగకుండా కార్యక్రమం ఆగిపోయింది. నాట్ కింగ్ కోల్ 1956 నవంబరులో ఎన్.బి.సి.లో వచ్చాడు. అప్పటికే దేశం మెచ్చిన గొంతు. దేశవ్యాప్త స్పాన్సర్ ఒక్కడు దొరకలేదు. 1957 డిసెంబరులో ఆయనే విరమించుకున్నాడు. ఈ ముగ్గురి పక్కన పెట్టి చూస్తే తలపాగా పిరికితనంలా కనిపించదు, అలాగని వీరత్వమూ కాదు. ఒక పనివాడు పని దక్కించుకోవడానికి చేసిన లెక్క. ఆ లెక్క తప్పలేదు.

తలపాగాకు అమెరికాలో అప్పటికే ఆ శక్తి ఉంది. 1947లో జెస్సీ రూటే అనే నల్లజాతి పాస్టరు న్యూయార్క్ నుంచి దక్షిణాదిన ఉన్న అలబామాకు ఊదారంగు తలపాగా, పొడుగు అంగీ వేసుకుని వెళ్లాడు. నాలుగేళ్ల కిందట అదే ఊళ్లో మామూలు దుస్తుల్లో అవమానం పడ్డ మనిషి. ఈసారి విదేశీ ప్రముఖుడని మర్యాద చేశారు. అదే మనిషి, అదే ఒంటి రంగు. గుడ్డ మారింది.

మరి నిజమైన భారతీయుల సంగతి? భగత్‌సింగ్ థిండ్ కేసులో 1923లో అమెరికా సుప్రీంకోర్టు భారతీయులు ‘తెల్లవారు’ కారు కనుక పౌరసత్వానికి అర్హులు కారంది. ఆ హక్కు వచ్చింది 1946లో. అసలైన తలపాగా కట్టిన కాలిఫోర్నియా పంజాబీ రైతులు దశాబ్దాల పాటు సొంత పేరు మీద భూమి కొనలేకపోయారు. తెర మీది పాగాకి ప్రేమలేఖలు, పొలంలో పాగాకి నోటీసులు! నిజమైన భారతీయ సంగీతం అమెరికన్ టీవీలో వినిపించింది 1955లో. ఆలీ అక్బర్ ఖాన్ సాహెబ్ సరోద్‌తో, చతుర్‌లాల్ తబలాతో ‘ఆమ్నిబస్’ కార్యక్రమంలో వాయించారు. అంటే మనం వెళ్లేసరికి మన కుర్చీలో ఆరేళ్లుగా ఒకాయన కూర్చుని ఉన్నాడు. ఆయన మన సంస్కృతిని దొంగిలించాడని ఈ మధ్య మన కుర్రవాళ్లు కొందరు అంటున్నారు. నేను ఒప్పుకోను. దొంగిలించాడనడానికి ఆయన వాడింది మనది కాదు. తెల్లవాళ్లు మన గురించి కట్టుకున్న బొమ్మ అది. దాన్ని వాళ్లకే అద్దెకిచ్చాడు.

1951లో లూయీ స్నేడర్ అనే నిర్మాత టీవీ స్టేషన్లకు అమ్మడానికి చిన్న చిన్న సంగీత ఫిల్ములు తీసేవాడు. కోర్లాతో కూడా తీశాడు. ఇవాళ మనకు కనిపించే కోర్లా ఎక్కువ భాగం ఆ ఫిల్ముల్లోనివాడే. ఒప్పందం దగ్గర పేచీ వచ్చింది. కోర్లా తప్పుకున్నాడు. కొద్దిరోజుల్లో అలాంటి ఫిల్ముల్లోనే ఒక కొత్త పియానిస్టు తేలాడు, లిబరాచీ. కెమెరాలోకి సూటిగా చూస్తూ, నవ్వుతూ, మాట్లాడుతూ. 1953 నాటికి దేశమంతా ఆయన పేరే. ఆ చూపు తనదేనని కోర్లా తర్వాత చెప్పుకునేవాడు. కొంత నిజం ఉండొచ్చు. అయితే లిబరాచీ మాట్లాడాడు, మాట్లాడగలిగాడు. ఆయన దాచుకున్న రహస్యం వేరే రకానిది. పురుషుల పట్ల తన ఇష్టాన్ని కప్పిపుచ్చడానికి లండన్ పత్రిక మీద దావా వేసి 1959లో గెలిచాడు కూడా. ఒకే చూపు వెనక రెండు రకాల భయాలు.

తర్వాతి ముప్పై, నలభై ఏళ్ల గురించి చెప్పడానికి తక్కువే. శాన్‌ఫ్రాన్సిస్కో ఫాంటసీ కంపెనీకి డజనుకు పైగా ఎల్పీలు ఇచ్చాడు. అక్కడి టీవీలో కొంతకాలం వచ్చాడు. పరమహంస యోగానందతో స్నేహం ఉండేది. 1952లో ఆయన అంత్యక్రియల్లో ఆర్గన్ వాయించాడంటారు. థియేటర్లలో, చిన్న సభల్లో కచేరీలు చేశాడు. ఇప్పుడు మాట్లాడేవాడు కూడా. విశ్వం గురించీ, నాదం గురించీ, కాస్త వేదాంతం. నాకు ఆ ఉపన్యాసాలు రుచించవు. మౌనంగా ఉన్న కోర్లాయే నయం. తొంభైల్లో పాత ‘ఎగ్జాటిక్’ సంగీతం మీద కుర్రకారుకి మోజు పుట్టి ఆయన్ను మళ్లీ వేదిక ఎక్కించింది. 1994లో టిమ్ బర్టన్ తీసిన ‘ఎడ్ వుడ్’ సినిమాలో కోర్లా పండిట్‌గానే కనిపిస్తాడు. 1998 అక్టోబరులో కాలిఫోర్నియాలోని పెటలూమాలో పోయాడు, పండిట్‌గానే.

2001లో లాస్ ఏంజెలెస్ పత్రికలో ఆర్.జె. స్మిత్ అనే పాత్రికేయుడు అసలు సంగతి బయటపెట్టాడు. మిస్సోరీ బంధువులకు మొదటినుంచీ తెలుసు. ఎవరూ నోరు జారలేదు. నన్ను ఎక్కువగా ఆలోచింపజేసేది ఈ భాగమే. మన పగటివేషగాళ్లు ఊళ్లో రోజుకో వేషం కట్టి, జనం నిజమనుకునేలా తిరిగి, చివరి రోజున అసలు మనుషులుగా వచ్చి “ఫలానా వేషం మాదే బాబూ” అని సంభావన పుచ్చుకుని వెళతారు. ఆ చివరి రోజు ఉంటేనే వేషం కళ. కోర్లాకు చివరి రోజు రాలేదు. రానివ్వలేదు. తన వేషం ఎంత గొప్పగా కుదిరిందో మెచ్చుకోలు అందుకునే అవకాశమే ఆయనకు లేకపోయింది. మెచ్చుకోగలిగినవాళ్లు రక్తసంబంధీకులు. ఏడుగురు పిల్లల ఇంట్లో అన్నదమ్ములూ అక్కచెల్లెళ్లూ తమవాణ్ణి టీవీలో చూస్తూ, వీధిలో పేరెత్తకుండా ఉండటం అంటే ఏమిటో, కులం పేరు దాచుకుని పట్నంలో అద్దె ఇల్లు వెతుక్కున్న మన వాళ్లకు వేరే చెప్పాలా? వాళ్లలో కొందరికి ఇప్పటికీ ఇంటి యజమాని ముందు నాన్న పేరు పూర్తిగా పలకాలంటే గుండె ఝల్లుమంటుంది.

2014లో జాన్ టర్నర్, ఎరిక్ క్రిస్టెన్‌సెన్ అనే ఇద్దరు ‘కోర్లా’ అని డాక్యుమెంటరీ తీశారు. వీలైతే చూడండి. వేషం గురించి బాగా చెప్పింది. వాయింపు గురించి ఇంకో గంట ఉన్నా బాగుండేది.

నా సమయం అయిపోవచ్చింది. స్నేడర్ తీసిన ఫిల్ముల్లోంచి ‘సాంగ్ ఆఫ్ ఇండియా’ ఒకటి తెచ్చాను. రెండు మూడు నిమిషాల ముక్క. మొదట అందరికీ ఆ కళ్లే కనిపిస్తాయి, వాటిని అలా తీశారు మరి. ముందు వరసలో కూర్చున్న హార్మోనిస్టులకు నా మనవి ఒకటే: కింది వరస మెట్ల మీద ఎడమ చేతిని చూడండి. మధ్యలో ఒకచోట కుడి చెయ్యి పియానోకి వెళుతుంది. అప్పుడు కూడా ఆర్గన్ మీద లయ సడలదు. అది ఎలా చేశాడో మీలో ఎవరికైనా పట్టుబడితే, ఫిల్మ్ అయ్యాక నాకు చెప్పండి. లైట్లు తీయమనండి.